తుది సముద్రంలో యెవరి కాలం?

సముద్రంమీద కాలం గతి తప్పే కథలంటే మన విమర్శకుల్లో రెండు ధోరణులు కనిపిస్తాయి. మొదటి ధోరణివారు అటువంటి కథల్ని అసలు తాకరు. "పలాయన సాహిత్యం" అని ఒక్క ముక్కలో తేల్చేసి, వాస్తవికతను గురించిన ఉపన్యాసంలోకి పోతారు. రెండో ధోరణివారు యీమధ్య యెక్కువయినారు. వీరికి అద్భుత కథలంటే ప్రాణం. "అది కల్పిత లోకం గదా, అక్కడికి కూడా మీ వర్గాలనూ, వలసలనూ మోసుకుపోవాలా? పిల్లల్ని హాయిగా చదువుకోనివ్వండి" అని వీరు మనని మందలిస్తారు. మొదటివారిది బద్ధకం. రెండోవారిది అంతకన్న ప్రమాదమైన అమాయకత్వం. ఆ కల్పిత లోకాల్లోకి వర్గాలను మోసుకుపోయింది మనం కాదు. వాటిని కల్పించినవారే ఆ పని చేసిపెట్టారు.

ఉదాహరణకు సి. ఎస్. లూయిస్ 1952లో ప్రచురించిన "డాన్ ట్రెడర్" సముద్రయాత్ర కథ తీసుకుందాం. నార్నియా అనే లోకాన్ని గురించి ఆయన రాసిన ఏడు పుస్తకాల్లో అదొకటి. 2010లో సినిమా కూడా అయింది. ఇంగ్లీషు మీడియం బడుల లైబ్రరీల్లో యీ పుస్తకాలుంటాయి. ఇంగ్లీషు బాగా రావాలంటే ఇవి చదవమని ఉపాధ్యాయులే పిల్లలకు చెబుతారు. కాబట్టి ఇది మన పిల్లలకు సంబంధించిన విషయమే.

కథ యిది. కేంబ్రిడ్జిలో ఒక ఇంటి గోడమీద ఓడ బొమ్మ వుంటుంది. ఎడ్మండ్, లూసీ అనే అన్నాచెల్లెళ్ళూ, వాళ్ళ పినతల్లి కొడుకో మేనత్త కొడుకో అయిన యూస్టసూ ఆ బొమ్మను చూస్తూవుండగా అందులోని సముద్రం వాళ్ళని లోపలికి లాగేస్తుంది. ఆ ఓడలో నార్నియా రాజు కాస్పియన్ తూర్పుదిక్కుగా, లోకం చివరిదాకా పోతున్నాడు. అనేక దీవులు దాటాక ఓడ తుది సముద్రం చేరుతుంది. అక్కడ నీరు తియ్యగా వుంటుంది. వెలుగు కళ్ళు చెదిరేట్టుంటుంది. ఆ నీళ్ళు తాగినవారికి ఆకలీ వుండదు, నిద్రా రాదు. నావికుల్లో వయసు మళ్ళినవారు రోజురోజుకీ పడుచువాళ్ళవుతారు. కాలం వెనక్కి నడవటం మొదలెడుతుందన్నమాట.

చదువుతూవుంటే ఆ పుటలు చాలా అందంగా వుంటాయి. అందులో సందేహం లేదు. కాని ఒక్క క్షణం ఆగి ఆలోచించండి. తిండి అడగని, నిద్ర అడగని, ముసలివాడు కాని పనివాడు! ప్రపంచంలో యే ఓడ యజమాని అయినా, యే మిల్లు యజమాని అయినా ఇంతకంటె మంచి కల కనగలడా? కూలీ మరుసటిరోజుకు మళ్ళీ పనికి రావాలంటే వాడికి తిండీ, నిద్రా, పెళ్ళాం పిల్లలూ అవసరమని, ఆ ఖర్చే కూలికి కనీసపు మట్టమని మనం అర్థశాస్త్రంలో చదువుకున్నాం. లూయిస్ సముద్రం ఆ ఖర్చు ఒక్క గుక్కలో రద్దు చేసింది.

దీనికి జవాబు చెప్పగలవారు లేకపోలేదు. "ఆ సముద్రంలో తెడ్డు వేసే పనికూడా లేదు, ప్రవాహమే ఓడను తీసుకుపోతుంది. కాబట్టి అది యజమాని కల కాదు, అలిసిపోయిన నావికుడి కల" అనవచ్చు. నిజమే. ఆ పుటల్లో మనని ఆకర్షించేది ఆ విశ్రాంతే. ఐతే ఆ విశ్రాంతి నావికుడికి ఎలా దొరికిందో చూడాలి. దానికి ముందరి దీవిలో జరిగిన సంగతి చదివి తీరాలి. రామందు దీవిలో నావికులు, ఇకముందుకు పోవద్దు, ఇంటికి పోదామంటారు. గాలులు పడమటివైపు మళ్ళకపోతే ఇల్లు చేరేదెట్లా అని వాళ్ళ భయం. న్యాయమైన భయం. ఆ సమయానికి రాజు ఏం చేశాడు? వాళ్ళతో చర్చించలేదు. "రమ్మని మిమ్మల్ని నేను అడగటంలేదు, తగినవారిని నేనే యెంచుకుంటాను" అనే ధోరణిలో ఉపన్యాసమిచ్చాడు. దాంతో తిరిగిపోదామన్నవాళ్ళే మమ్మల్ని తీసుకుపొమ్మని బతిమాలుకోవటం మొదలెట్టారు. పనివాళ్ళ డిమాండును యజమాని దయగా మార్చే యీ కిటుకు ఫ్యాక్టరీ మేనేజర్లకు బాగా తెలిసిందే. లూయిస్ దాన్ని రాజుగారి తెలివికింద మెచ్చుకోలుగా రాశాడు. చివరిదాకా తేలనివాడు ఒక్కడు, పిట్టెన్‌క్రీమ్, దీవిలోనే మిగిలిపోయాడు. వాణ్ణి రచయిత నవ్వులపాలు చేసి వదిలాడు.

ఈ పుస్తకం వచ్చిన 1952కు ఆరేళ్ళ ముందు, 1946 ఫిబ్రవరి 18న బొంబాయిలో రాయల్ ఇండియన్ నేవీ నావికులు చెడ్డ తిండినీ, తెల్ల అధికార్ల తిట్లనూ సహించక పనిమానివేశారు. అది ఓడ తరవాత ఓడకు పాకింది. అంతకు నలభై ఏళ్ళ ముందు పోటెంకిన్ ఓడలో తిరుగుబాటు మొదలయింది కూడా పురుగులుపట్టిన మాంసం దగ్గరే. నిజమైన సముద్రంమీద నావికుడికి ఆకలి వుంటుంది. ఆ ఆకలే అతనిచేత చరిత్రను కదిలించింది. ఆకలిలేని సముద్రంలో తిరుగుబాటు కూడా వుండదు.

ఇక కాలం లెక్కలకు వద్దాం. మొదటి పుస్తకంలో ఇంగ్లండు పిల్లలు నలుగురూ నార్నియాలో రాజులూ రాణులూ అయి, పెరిగి పెద్దవాళ్ళయేదాకా ఏలి, తిరిగి వచ్చేసరికి ఇంగ్లండులో ఒక్క నిమిషం కూడా గడవలేదు. రెండో ప్రయాణానికి ఇక్కడ ఏడాది గడిస్తే అక్కడ వందల ఏళ్ళు గడిచిపోయాయి. మూడోసారి, అంటే యీ సముద్రయాత్రనాటికి, ఇక్కడ ఏడాదయితే అక్కడ మూడేళ్ళు. లెక్కలో యే నియమమూ లేదని లూయిస్ అభిమానులంటారు. నియమం లేకేం? పిల్లలు నష్టపోకూడదన్నది ఒకటే నియమం. వాళ్ళు ఎన్నేళ్ళు ఏలినా వాళ్ళ సెలవుల్లో ఒక్క పూట తరగదు. నార్నియా జనం మాత్రం వందల ఏళ్ళపాటు పరాయి పాలకుల కింద నలిగి, అడవుల్లో దాక్కుని, రాజులు మళ్ళీ ఎప్పుడొస్తారా అని కాచుకుని వుండాలి. ఆ వందల ఏళ్ళలో వాళ్ళంతట వాళ్ళు సాధించినది ఏదీ చెప్పుకోదగ్గది లేదు. బాకా వూదితే రాజులొస్తారు. అప్పుడుగాని వాళ్ళ కాలం కదలదు.

ఈ కాలం లెక్క మనకు కొత్తది కాదు. మన దేశాన్ని ఒక్కసారైనా చూడకుండా 1817లో జేమ్స్ మిల్లు మన చరిత్ర రాశాడు. మన సమాజం వేల ఏళ్ళుగా నిలబడివున్న నీరనీ, తెల్లవాడి ఓడ వచ్చాకనే అందులో అల పుట్టిందనీ చెప్పటం ఆనాటి పండితులందరికీ అలవాటు. మార్క్సంతటివాడు కూడా 1853లో రాసిన ఒక వ్యాసంలో భారత సమాజానికి చరిత్రే లేదన్నట్టు రాశాడు. ఆ వాక్యాన్ని మనవాళ్ళు చాలాకాలం నంజుకోలేక మింగలేక వున్నారు. మన చరిత్రకారులు, కోశాంబి మొదలైనవారు, ఆ మాట తప్పని చూపటానికి ఎంత శ్రమ పడవలసివచ్చిందో విద్యార్థులకు తెలుసు. అటువంటి భావం బడిపిల్లల అద్భుత కథలో దాక్కునివుంటే దాన్ని రాజకీయం కాదనటం ఎలా?

నాకు అన్నిటికంటె అభ్యంతరమైన ఘట్టం ఒంటరి దీవుల ఘట్టం. అక్కడ బానిస వ్యాపారం సాగుతూవుంటుంది. రాజు పోయి, గవర్నరు గంపస్‌ను నిలదీస్తాడు. గంపస్ పటాలూ అంకెలూ ముందు వేసుకుని, యీ వ్యాపారం దీవుల ఆర్థికాభివృద్ధికి అవసరమంటాడు. దీన్ని ఆపటం గడియారాన్ని వెనక్కి తిప్పటమేననీ, ప్రగతి అంటే తమకు తెలియదా అనీ అడుగుతాడు. ప్రగతి, అభివృద్ధి అన్నవాటిని మురిగే గుడ్డులో కూడా చూశానని రాజు ఎద్దేవా చేస్తాడు. తరవాత రాజు ఒక్క ఆజ్ఞతో వ్యాపారం రద్దు చేస్తాడు. బానిసలు జయజయధ్వానాలు చేస్తారు. రాజు చేతులెత్తి అందుకుంటాడు. బానిసల పని అంతే.

బానిస వ్యాపారి నోట ప్రగతి అనే మాట పెట్టటం చిన్న కొంటెతనం కాదు. గంపస్ మాటల్లో నిజం లేకపోలేదు. బానిస యజమానులు నిజంగానే అలా మాట్లాడేవారు. లాభానికి ప్రగతి అని పేరుపెట్టేవారిమీద మనకు మాత్రం ప్రేమా? కాని లూయిస్ దెబ్బ లాభంమీద పడలేదు, ప్రగతిమీద పడింది. బానిసత్వాన్ని తీసేసేది రాజరికమనీ, నిలబెట్టేది అంకెలు చూసే ఆధునికుడనీ ఆయన తీర్పు. పైగా ఆ బానిసల్ని కొనేవారెవరు? తలపాగాలూ, గడ్డాలూ, నల్లని మొహాలూ వున్న కలార్మెన్ దేశపు వర్తకులు. పట్టి అమ్మే పగ్ అనేవాడు ఆ దీవులవాడే అన్న మాట నిజమే, అది చెప్పకపోతే అన్యాయం. ఐనా ఆఫ్రికావారిని ఓడల్లో నింపుకుపోయిన రేవులు బ్రిస్టలూ లివర్‌పూలూ అని తెలిసిన ఇంగ్లీషువాడు, బానిసల సంతలో కొనుగోలుదారులకు తలపాగాలు చుట్టటం చూస్తే నవ్వాలో ఏడవాలో తెలియదు.

సముద్రమూ, కాలమూ, బానిసత్వమూ నిజంగా ఎక్కడ కలుసుకున్నాయో చెబుతాను. నడిసముద్రంలో ఓడ ఎంత తూర్పున, ఎంత పడమట వున్నదో తెలియాలంటే బయలుదేరిన రేవులో ఇప్పుడు గంట ఎంతయిందో తెలియాలి. అది తెలియక ఓడలు రాళ్ళకు కొట్టుకుని మునిగేవి. ఈ సమస్యను తీర్చినవారికి 20,000 పౌన్ల దాకా బహుమానమని 1714లో బ్రిటిషు పార్లమెంటు చట్టం చేసింది. జాన్ హారిసన్ అనే వడ్రంగి కొడుకు జీవితమంతా ధారపోసి, సముద్రంమీద కూడా గతి తప్పని గడియారం చేశాడు. దాన్ని 1761 చివర పరీక్షకు తీసుకుపోయిన రేవు జమైకా. 81 రోజుల ప్రయాణంలో అది తప్పింది 5 సెకండ్లు. మానవ మేధస్సుకు జయం, నిస్సందేహంగా. ఐతే జమైకాకే ఎందుకు? అది చక్కెర దీవి. ఆ ఓడలకు దారి తప్పకుండా చేరవలసిన రేవు అదే. ఆ గడియారం అక్కడికి చేరటానికి కొద్దినెలల ముందుదాకా ఆ దీవిలో టాకీ పేరుతో ప్రసిద్ధమైన బానిసల తిరుగుబాటు జరుగుతూవుంది. 1760లో లేచిన ఆ తిరుగుబాటును తుపాకులతో అణిచారు. ఒకే దీవిలో, దాదాపు ఒకే ఏడాదిలో, సెకండ్లు లెక్కపెట్టే యంత్రమూ, తమ కాలం తమకు కావాలన్న మనుషులూ! ఇంతకంటె అద్భుతమైన కథావస్తువు నార్నియాలో వున్నదా?

ఒక్క ఆజ్ఞతో బానిసత్వం పోలేదు కూడాను. హెయిటీలో 1791లో బానిసలు లేచి 1804దాకా పోరాడి స్వంత దేశం స్థాపించుకున్నారు. బ్రిటిషువారు 1807లో వ్యాపారాన్నీ, 1833 చట్టంతో బానిసత్వాన్నీ రద్దు చేసినప్పుడు నష్టపరిహారం 2 కోట్ల పౌన్లు ఇచ్చింది యజమానులకు. దానికోసం ప్రభుత్వం చేసిన అప్పు పూర్తిగా తీరింది 2015లో. దోపిడికి గురైనవాడికి ఒక్క పెన్నీ రాలేదు. పైగా 1838దాకా "అప్రెంటిసు" అన్న పేరుతో పాత యజమాని దగ్గరే పని చెయ్యవలసివచ్చింది. ఆ ఖాళీ పూరించటానికి మనవాళ్ళని ఓడ ఎక్కించారు. మారిషస్‌కు 1834 నుంచే ఎక్కించారు. 1860లో మద్రాసు నుంచి "ట్రూరో" అనే ఓడ నవంబరు 16న నేటాలు చేరింది. ఐదేళ్ళ ఒప్పందం. మనిషిని కొనరు, మనిషి ఐదేళ్ళను కొంటారు. మన కోస్తా రేవుల నుంచి పోయినవారికి బర్మాలో కోరంగీలన్న పేరు స్థిరపడిపోయింది. ఐదేళ్ళ తరవాత తిరిగివచ్చినవాడు ఎంతమంది తనవారిని పోగొట్టుకుని వచ్చాడో, తిరిగిరానివాడికోసం ఇక్కడ యెవరు ఎన్నేళ్ళు ఎదురుచూశారో రాసిన లూయిస్ మనలో ఇంకా సరిగ్గా పుట్టలేదు. సముద్రం అవతల గడిచిన కాలానికి ఇవతల ధర చెల్లించినవారు వీళ్ళు.

ఒడ్డుమీది గడియారం సంగతి కూడా చూడండి. 1884లో వాషింగ్టనులో 25 దేశాల ప్రతినిధులు కూర్చుని, ఓడల లెక్కలకు గ్రీనిచ్‌ను మూలరేఖ చేశారు. మన తరఫున కూర్చున్నది బ్రిటిషువారే. ఆ గ్రీనిచ్ లెక్క ప్రకారం 1906లో మన దేశానికి ఒకే కాలం పెట్టినప్పుడు బొంబాయి గడియారాలు 39 నిమిషాలు ముందుకు జరిగాయి. మిల్లు కార్మికులు ఆ జనవరిలోనే ఎదురుతిరిగారు. సూర్యుడు లేవకుండానే తమని మగ్గం దగ్గర నిలబెడుతున్నారని వాళ్ళకు అర్థమయింది. కాలాన్ని వంచటానికి మంత్రగాడు అక్కర్లేదు. గడియారం తాళంచెవి ఎవరి చేతిలో వుంటే వాడే మంత్రగాడు.

ఇక మన మొదటి ధోరణి మిత్రులకు రెండు మాటలు. ఇదంతా విని వారు, "చూశారా, అద్భుత కథ అంటేనే ఇంత, తీసి అవతల పారెయ్యండి" అంటారు. ఒప్పుకోను. కాలం గతి తప్పటం అనే కల్పనలో దోషం లేదు. జనం చెప్పుకున్న కథల్లో ఆ కల్పన ఎంత నిజం పలికిందో చూడండి.

భాగవతం నవమస్కంధంలో కకుద్మి కథ మనకు తెలిసిందే. వాళ్ళ పట్నం కుశస్థలి సముద్రంలో కట్టింది. కూతురు రేవతికి వరుణ్ణి అడగటానికి బ్రహ్మలోకం పోయి, అక్కడ పాట జరుగుతూంటే ఒక్క క్షణం ఆగాడు. ఆ క్షణంలో భూమిమీద 27 మహాయుగాలు దాటిపోయాయి. తను అనుకున్న వరులూ లేరు, వాళ్ళ మనవలూ లేరు. విష్ణుపురాణంలో ఐతే పట్నం రాక్షసులపాలయింది, నూరుగురు తమ్ముళ్ళూ చెదిరిపోయారు. పాత యుగంనాటి ఆ పొడుగుపిల్ల కొత్త యుగానికి సరిపోకపోతే, బలరాముడు నాగలితో వంచి తన మట్టానికి తెచ్చుకున్నాడట! ఆ చివరి భాగం ఆడదానిపట్ల ఎంత దుర్మార్గమో వేరే చెప్పక్కర్లేదు. ఐనా ఏలేవాడు పాట వింటూ కూర్చుంటే రాజ్యం వుండదని ఆ కథ మొహమాటం లేకుండా చెప్పింది. కకుద్మికి కాలం ఉచితంగా దొరకలేదు. కాస్పియన్‌కీ, ఎడ్మండ్‌కీ దొరికింది.

జపానువారి ఉరాషిమా బెస్తవాడు. ఎనిమిదో శతాబ్దంనాటి గ్రంథాల్లోనే అతని కథ వున్నది. సముద్రగర్భంలో మూడేళ్ళు సుఖపడి ఒడ్డుకు వస్తే ఇల్లు లేదు, ఊళ్ళో తెలిసిన మొహం లేదు. ఇచ్చిన పెట్టె తెరిస్తే పొగలా ఆ పోయిన కాలమంతా మీదపడి క్షణంలో ముసలివాడయాడు. వలసపోయి తిరిగివచ్చిన యే కూలీకైనా యీ కథ చెప్పి చూడండి, ఇది తన కథే అంటాడు. చందమామలో దాసరి సుబ్రహ్మణ్యం రాసిన సీరియళ్ళను మనం పిల్లల సరుకని వదిలేశాం. ఆయన పేరుకూడా వాటికింద అచ్చుకాలేదు. అద్భుత కథపట్ల మన ఉపేక్ష ఖరీదు అంతా ఇంతా కాదు.

నావికులు కూడా కాలాన్ని వంచినవాళ్ళే. పూర్వం ఓడల్లో అరగంట ఇసక గడియారం వుండేది. దాన్ని తిప్పే కుర్రాడు, చలిలో కాపలా తొందరగా తెమలాలని, ఇసక పూర్తిగా జారకముందే తిప్పేసేవాడట. ఓడ లెక్క తప్పేది, కాని కుర్రాడికి నాలుగు నిమిషాల నిద్ర మిగిలేది. నాకు తుది సముద్రంకంటె యీ ఇసక గడియారం కుర్రాడు నచ్చుతాడు.

లూయిస్‌లో కూడా అటువంటి కుర్రాడు ఒక్కసారి తొంగిచూస్తాడు. అందుకే ఆయన్ని చదవొద్దని నేననను. చీకటి దీవి ఘట్టంలో, అక్కడ కలలు నిజమవుతాయని తెలియగానే నావికులు సంబరపడతారు. ఒకడు, దిగితే తనకు నాన్సీతో పెళ్ళి అయిపోయివుంటుందంటాడు. ఇంకొకడు, టామ్ మళ్ళీ బతికివుంటాడంటాడు. నాన్సీ యెవరో, టామ్ ఎట్లా పోయాడో మనకు తెలియదు. కాని మొత్తం పుస్తకంలో నావికుడు తనకు కావలసినదేమిటో తన నోటితో చెప్పుకున్న చోటు దాదాపు ఇదొక్కటే. చచ్చిపోయినవాడు తిరిగిరావాలి, అంటే కాలం వెనక్కి నడవాలి. ఆ కోరిక రాజుది కాదు, రచయితది కాదు, తాడు లాగే మనిషిది. మరుక్షణంలో రచయిత దాన్ని చంపేశాడు. నిజమయ్యేవి కోరికలు కావు, పీడకలలని చెప్పించి, అందరిచేతా గాభరాగా తెడ్లు వేయించి ఓడను వెనక్కి తిప్పించాడు. ప్రభువుకు కాలం వెనక్కి నడిస్తే అది తియ్యని నీరు. నావికుడికి నడిస్తే అది చీకటి.

ఉపాధ్యాయ మిత్రులు యీ పుస్తకం తరగతిలో చెప్పేటప్పుడు ఆ రెండు ఘట్టాలనూ ఒకేరోజు చెప్పి చూడండి. టామ్ యెవరై వుంటాడో, ఎట్లా పోయాడో రాయమని పిల్లల్ని అడగండి. రామందు దీవిలో ఒంటరిగా మిగిలిన పిట్టెన్‌క్రీమ్, తరవాత ఓడనుంచి పారిపోయి కలార్మెన్ చేరి, లోకం చివర తాను చూసిన అద్భుతాలంటూ కథలు చెప్పుకుంటూ బతికాడట. వాటిని తానే నమ్మేశాడని రచయిత వెక్కిరింత. ఆ కథలేమిటో లూయిస్ రాయలేదు. అవి కూడా పిల్లలచేత రాయించండి.